పొరుగువాని సరిహద్దు రాయి
(డేనిష్, జర్మను ప్రజల చరిత్రనుండి సంఘమునకు ఒక పాఠము)

పఠన భాగములు: ద్వితీయోపదేశకాండము 19:14, మత్తయి 7:12, ఎఫెసీయులకు 2:11–22.



పొలము గట్టు తగాదా ఎట్టిదో పల్లెలో పుట్టి పెరిగిన వారికి వేరుగా చెప్పనక్కరలేదు. జానెడు గట్టు కొరకు అన్నదమ్ములు కోర్టుకెక్కి, ఆ గట్టు వెలకు పదింతలు ఖర్చుపెట్టుదురు. తీర్పు వచ్చునాటికి గట్టు ఎవరిదో తేలును గాని, పెండ్లికి పిలుచుటయు చావుకు పోవుటయు మానుకొన్న కుటుంబములు అంత త్వరగా కలియవు. ఒకే గుడిలో కూర్చుండి, ఒకే బల్లయొద్ద ప్రభురాత్రి భోజనము తీసికొనువారిలో సయితము ఈ తెగులు కనబడుచున్నది.

ఇట్టి తగాదా రెండు జనముల మధ్య వచ్చినయెడల ఏమగును? ఆ రెండు జనములును క్రైస్తవులై, ఒకే లూథరను బోధలో పెరిగినవారైనయెడల తగాదా దానంతట అదే తీరిపోవునా? ఈ ప్రశ్నకు జవాబు వెదకుటకై ఈ నెల పాఠములో డేనిష్ ప్రజల చరిత్రను, జర్మను ప్రజల చరిత్రను కలిపి చూచెదము. వెయ్యి యేండ్లకు పైగా వీరు పొరుగువారు. ఒకరినుండి ఒకరు సువార్తను పొందిరి, ఒకరినొకరు చంపుకొనిరి, మరల ఒకరితో ఒకరు సమాధానపడిరి. ఆ సమాధానము ఏ రీతిగా వచ్చెనో గమనింపవలెను.

1. రెండు జనములు, ఒక నది

ఐరోపా పటమును చూచినయెడల, జర్మనీకి ఉత్తరమున వ్రేలువలె సముద్రములోనికి చాచుకొనిన నేల కనబడును. అది జట్లాండు ద్వీపకల్పము. దాని పైభాగమును, తూర్పుననున్న దీవులును డెన్మార్కు దేశము. దాని మొదట ష్లెస్విగ్ అను సీమయు, ష్లెస్విగునకు దక్షిణమున హోల్‌స్టైన్ అను సీమయు ఉన్నవి. ఈ రెండు సీమల నడుమ ఐడర్ అను నది పారుచున్నది. నేటి పాఠమంతయు ముఖ్యముగా ఈ ష్లెస్విగును గూర్చినదే.

811వ సంవత్సరములో డేనుల రాజైన హెమ్మింగును, దక్షిణమున ఏలుచుండిన షార్లమేన్ చక్రవర్తియు సమాధానపడి, ఐడర్ నదిని సరిహద్దుగా ఒప్పుకొనిరి. అంతకు పూర్వమే డేనులు దక్షిణపు దండులకు జడిసి, దానెవిర్కె అను పొడవైన మట్టికట్టను వేసికొనియుండిరి. ఆ కట్ట నేటికిని నిలిచియున్నది. 2018లో యునెస్కో సంస్థ దానిని ప్రపంచ వారసత్వ స్థలములలో చేర్చెను. అయితే డేనులు కట్టిన ఆ కట్ట నేడు జర్మనీ దేశములోనున్నది. సరిహద్దు దానిని దాటి ఉత్తరమునకు జరిగిపోయెను. మనుష్యుడు వేసిన కట్ట ఎంత బలమైనదైనను, దాని అవతల ఎవరుందురో ఇవతల ఎవరుందురో అది నిర్ణయింపజాలదు.

కట్ట దండులను ఆపుటకు వేసినది గాని, సువార్త ఆ దారినే వచ్చెను. 826లో హరాల్డ్ క్లాక్ అను డేనిష్ రాజు దక్షిణమునకు పోయి మైంట్స్ పట్టణములో బాప్తిస్మము పొందెను. అతనితో కూడ ఆన్స్‌గార్ అను సన్యాసి డేనుల యొద్దకు వచ్చెను. తరువాత ఆయన ష్లెస్విగ్ సీమలోని హెడెబీ అను వర్తక పట్టణములో ఆలయము కట్టించెను. ఆయనను నేటికిని ఉత్తర దేశముల అపొస్తలుడని పిలుచుదురు.

2. ఒకే సువార్త, ఒకే ప్రశ్నోత్తరి

16వ శతాబ్దములో లూథరుగారి సంస్కరణము వచ్చినప్పుడు ఈ బంధము మరింత బిగిసెను. హాన్స్ తౌసెన్ అను డేనిష్ సన్యాసి జర్మనీలోని విట్టెన్‌బర్గునకు పోయి చదువుకొని, తిరిగి వచ్చి 1525 మొదలుకొని వీబోర్ పట్టణములో సువార్తను బోధించెను. 1536లో 3వ క్రిస్టియన్ రాజు డెన్మార్కులో సంస్కరణమును స్థిరపరచెను. మరుసటి యేట లూథరుగారి స్నేహితుడును, విట్టెన్‌బర్గు సంఘకాపరియునైన బూగెన్‌హాగెన్‌గారు కోపెన్‌హాగెనునకు వచ్చి, రాజునకు కిరీటము పెట్టి, క్రొత్త సంఘాధ్యక్షులను ప్రతిష్ఠించెను. 1550లో డేనిష్ భాషలో సంపూర్ణ బైబిలు అచ్చయినప్పుడు దానికి లూథరుగారి జర్మను బైబిలే మార్గదర్శకముగా నుండెను.

ఆ దినమునుండి డేనిష్ రైతు బిడ్డయు, ఉత్తర జర్మనీ రైతు బిడ్డయు లూథరుగారి చిన్న ప్రశ్నోత్తరిని కంఠస్థము చేసిరి. ఒకే విశ్వాస ప్రమాణము, ఒకే పది ఆజ్ఞలు, ఒకే పరలోక ప్రార్థన. భాషలు మాత్రమే వేరు. ఈ సంగతిని మనస్సున ఉంచుకొనవలెను. ముందు ముందు దీని అవసరము కలుగును.

3. మన దేశమునకు వచ్చిన ఫలము

ఈ రెండు జనముల పొత్తు తెలుగు క్రైస్తవులకు దూరపు సంగతి కాదు. తమిళ తీరమునందలి తరంగంబాడిలో 1620 నుండి డేనిష్ వర్తకుల కోట యుండెను. డెన్మార్కు రాజైన 4వ ఫ్రెడరిక్ అచ్చటికి సువార్తికులను పంపగోరెను. రాజు డేనిష్‌వాడు, ఓడ డేనిష్‌వారిది, కోట డేనిష్‌వారిది. అయితే ఆ పనికి ఏర్పడినవారు జర్మనులు. హాలె పట్టణపు భక్తుల శిక్షణ పొందిన సీగెన్‌బాల్గ్‌గారు, ప్లూట్షౌగారు కోపెన్‌హాగెనులో అభిషేకము పొంది, 1706 జూలై 9న తరంగంబాడిలో దిగిరి. డేనిష్ రాజు పంపిన ఆ జర్మను బోధకుని 1708లో అదే కోటలోని డేనిష్ అధికారి కొన్ని నెలలు చెరలో నుంచెను. కలిసి పనిచేయుట ఎన్నడును సులువు కాలేదు. అయినను పని ఆగలేదు.

ఆ మిషనునకు 1719లో వచ్చిన బెంజమిన్ షుల్ట్‌జెగారు తరువాత మదరాసునకు పోయి తెలుగు నేర్చుకొని, తెలుగు వ్యాకరణము వ్రాసి, లేఖనములను తెలుగులోనికి తర్జుమా చేయ పూనుకొనెను. ఆయన స్వదేశమునకు మరలిన తరువాత 1740 దశకములో హాలె పట్టణమందు తెలుగు అక్షరములతో చిన్న పుస్తకములను అచ్చువేయించెను. తెలుగు లిపిలో అచ్చయిన తొలి పుస్తకములలో అవి లెక్కింపబడుచున్నవి.

మరియొక సంగతి. 1882లో బ్రెక్లుమ్ అను గ్రామమునుండి మిషనరీలు బయలుదేరి జయపురము సీమకు వచ్చిరి. వారి పని సాలూరు, పార్వతీపురము ప్రాంతపు తెలుగువారి మధ్యకును వ్యాపించెను. ఆ బ్రెక్లుమ్ మనము చెప్పుకొనుచున్న ష్లెస్విగ్ సీమలోనిదే. ఆ ఊరు 1864కు ముందు డేనిష్ రాజు ఏలుబడిలో నుండెను. మిషనరీలు బయలుదేరునాటికి ప్రష్యా రాజ్యములో నుండెను. ఊరు కదలలేదు, గుడి కదలలేదు, సరిహద్దు కదలెను. అది ఎట్లు కదలెనో ఇప్పుడు చూచెదము.

4. ఇద్దరి చేతిలోను దస్తావేజులు

1460లో ష్లెస్విగ్, హోల్‌స్టైన్ సీమల ప్రభువులు రీబె పట్టణములో కూడి, డెన్మార్కు రాజైన 1వ క్రిస్టియనును తమకు దొరగా ఎన్నుకొనిరి. ఆ రెండు సీమలు ఎల్లప్పుడును విడిపోక కలిసియుండవలెనని ఆయన పత్రము వ్రాసి ఇచ్చెను. ష్లెస్విగ్ డేనిష్ రాజ్యమునకు చెందిన సీమ. హోల్‌స్టైన్ జర్మను సామ్రాజ్యమునకు చెందినది. ఆ రాజవంశమే జర్మనీలోని ఓల్డెన్‌బర్గ్ నుండి వచ్చినది. కోపెన్‌హాగెను రాజనగరులోను, సైన్యములోను జర్మను భాష చాలకాలము వాడుకలో నుండెను. 1776లో మాత్రము, రాజుగారి ఏలుబడిలో పుట్టినవారికే ఉద్యోగములు ఇయ్యవలెనని చట్టము చేసిరి.

సామాన్య ప్రజల సంగతి వేరు. ష్లెస్విగులో ఉత్తరపువారు డేనిష్, దక్షిణపువారు జర్మను, పడమటి తీరమువారు ఫ్రీసియను మాటలాడిరి. మధ్య గ్రామములలో తల్లి బిడ్డకు డేనిష్‌లో జోలపాడును. ఆ బిడ్డ బడిలోను గుడిలోను జర్మను వినును. దీనికొరకు ఎవరును కత్తి పట్టలేదు. తరువాత 19వ శతాబ్దములో ఐరోపా అంతటను ఒక క్రొత్త తలంపు పుట్టెను: ఒక భాషవారు ఒక జనము, ఒక జనమునకు ఒక రాజ్యము. అప్పుడు డేనులు, ఐడర్ నది వరకు మా పితరుల నేల అనిరి. జర్మనులు, ఆ రెండు సీమలను విడదీయరాదని 1460 పత్రములోనే యున్నది అనిరి. ఇద్దరి చేతిలోను దస్తావేజులుండెను. ఇద్దరి మాటలోను కొంత న్యాయముండెను. తగాదాలు పెరుగునది ఇట్టి చోటనే గదా!

1848లో యుద్ధము మొదలై మూడేండ్లు సాగెను. 1850 జూలై 25న ఈస్టెడ్ యొద్ద జరిగిన గొప్ప పోరులో డేనులు గెలిచిరి. తుదకు ఆ సీమలు డేనిష్ రాజు క్రిందనే నిలిచెను. గెలిచిన డేనులు ఏమి చేసిరి? జర్మను పక్షమునకు చెందిన పాదిరులను అనేకులను పనినుండి తీసివేసిరి. 1851లో మధ్య ష్లెస్విగ్ గ్రామములలో బడిచదువు డేనిష్‌లోనే జరుగవలెననియు, గుడిలో ఆరాధన రెండు భాషలలో వంతులవారీగా జరుగవలెననియు ఆజ్ఞ పుట్టించిరి. తమ తాతల భాషను తిరిగి నిలుపుచున్నామని వారు తలంచిరి. కాని ఆ గ్రామములలో ఇంట డేనిష్ మాటలాడు తలిదండ్రులు సయితము, బలవంతముగా వచ్చిన ఆ మేలును గ్రహింపలేక జర్మను పక్షమునకు తిరిగిరి.

5. 1864వ సంవత్సరము

1863 నవంబరులో డేనిష్ ప్రభుత్వము ష్లెస్విగును తన రాజ్యాంగముతో చేర్చుకొనుటకు చట్టము చేసెను. ఇది 1852లో లండను నగరమందు పెద్ద రాజ్యముల యెదుట చేసిన ఒడంబడికకు విరోధమైనది. ప్రష్యా మంత్రియైన బిస్మార్క్ ఇట్టి అదను కొరకే కనిపెట్టుకొనియుండెను. 1864 ఫిబ్రవరి 1న ప్రష్యా, ఆస్ట్రియా సైన్యములు ఐడర్ నదిని దాటెను.

డేనులు తమ పూర్వికుల కట్టయైన దానెవిర్కెను నమ్ముకొనియుండిరి. అయితే చలికాలపు మంచునకు దాని ప్రక్కల నుండిన నీళ్లు, బురదనేలలు గడ్డకట్టెను. శత్రువు చుట్టు తిరిగి వచ్చుటకు దారి యేర్పడెను. ఫిబ్రవరి 5 రాత్రి డేనిష్ సేనాని కట్టను విడిచి, గాలిలోను మంచులోను సైన్యమును ఉత్తరమునకు నడిపించెను. తరువాత డ్యుబ్బోల్ గుట్టమీది కోటలలో వారు నిలిచిరి. వారములకొలది ఫిరంగి గుండ్లు కురిసిన పిమ్మట, ఏప్రిల్ 18 ఉదయమున ప్రష్యా సైన్యము ఆ కోటలను పట్టుకొనెను. రెండు పక్షములందును వందలకొలది మంది ఆ యొక్క దినమున చచ్చిరి. రెడ్ క్రాస్ గుర్తు చేతికి కట్టుకొని ఇద్దరు ప్రతినిధులు, ఒక్కొక్క పక్షమునకు ఒక్కొక్కరు, గాయపడినవారిని చూడ వచ్చిన మొదటి యుద్ధము ఇదే.

చిన్న ప్రశ్నోత్తరిని ఇప్పుడు జ్ఞాపకము తెచ్చుకొనవలెను. డ్యుబ్బోల్ కోటలలోని డేనిష్ యువకుడును, ఎదుటి గుంటలలోని ప్రష్యా యువకులలో అనేకులును అదే ప్రశ్నోత్తరిని బాల్యమందు వల్లించినవారు. నరహత్యను గూర్చిన ఆజ్ఞకు లూథరుగారు చెప్పిన అర్థము ఇద్దరికిని తెలియును. పొరుగువాని ఇంటిని ఆశింపరాదను ఆజ్ఞయు తెలియును. ఇరుపక్షముల పాదిరులును తమ తమ సైన్యముల జయము కొరకు ఒకే దేవునికి ప్రార్థించిరి. ఒకే బోధ కలిగియుండుట వేరు, ఆ బోధను పొరుగువాని యెడల నడిపించుట వేరు.

అక్టోబరు 30న వియన్నాలో సంధి జరిగెను. డేనిష్ రాజు తన నేలలో మూడింట ఒక వంతును, సుమారు పది లక్షల ప్రజలను పోగొట్టుకొనెను. వారిలో ఇంట డేనిష్ మాటలాడువారు సుమారు రెండు లక్షలమంది.

6. ఓడినవాడు, గెలిచినవాడు

ఓడిన డెన్మార్కు ఏమి చేసెను? పగ తీర్చుకొనుటకు ఇంకొక సైన్యమును పోగుచేయుటకు బదులు, మిగిలిన నేలను బాగుచేసికొనెను. 1866లో ఒక సంఘమును స్థాపించి, జట్లాండులో తుప్పలు తప్ప మొలవని బీడు భూములలో చెట్లు నాటి, నీళ్లు పారించి సాగులోనికి తెచ్చిరి. గ్రుండ్‌విగ్ అను పాదిరిగారి తలంపు చొప్పున రైతు యువజనులకు పాఠశాలలు పెట్టిరి. అట్టి పాఠశాలలలో మొదటిది 1844లో ష్లెస్విగులోని ర్యొడ్డింగ్ గ్రామములో స్థాపింపబడెను. యుద్ధానంతరము దాని ఉపాధ్యాయులు క్రొత్త సరిహద్దు దాటి ఆస్కోవ్ గ్రామములో మరల ప్రారంభించిరి. 1882లో హ్యెడ్డింగ్ గ్రామపు రైతులు కలిసి మొదటి సహకార పాలకేంద్రమును పెట్టిరి. ఒక ఆవు గలవానికిని, ఇరువది ఆవులు గలవానికిని అందులో ఒక్కొక్క ఓటే.

గెలిచిన ప్రష్యా ఏమి చేసెను? తాము నిందించిన డేనులు చేసినదానినే, ఇంకను గట్టిగా చేసెను. డేనిష్ పక్షపు పాదిరులను తీసివేసిరి. ఉత్తర ష్లెస్విగ్ ప్రజలను ఓటు అడుగుదుమని 1866లో ప్రాగ్ సంధియందు వ్రాసిన మాటను కొన్నియేండ్లకు కొట్టివేసిరి. 1888లో బడిచదువు అంతయు జర్మనులోనే జరుగవలెనని ఆజ్ఞ ఇచ్చిరి. మతబోధకు మాత్రము వారమునకు కొన్ని గంటలు డేనిష్ మిగిలెను. తల్లి నేర్పిన ప్రార్థనను బిడ్డ బడిలో పలుకుటకు గంటలు లెక్కింపవలసి వచ్చెను. 1914–18 మహాయుద్ధములో ఉత్తర ష్లెస్విగ్ యువకులు సుమారు 30,000 మంది జర్మను సైన్యమందు పోరవలసివచ్చెను; వారిలో అయిదువేల మందికి పైగా తిరిగి రాలేదు. చాలమందికి అది తమదని తలంపని దేశము కొరకు చేసిన యుద్ధము.

1851లో డేనులు, 1888లో జర్మనులు. ఇద్దరును ఒకే తప్పు చేసిరి. తాము అనుభవించిన బాధ ఎట్టిదో ఎరిగియుండియు, అధికారము చేతికి వచ్చినప్పుడు దానినే పొరుగువాని నెత్తిన పెట్టిరి.

7. ఓటువలన ఏర్పడిన సరిహద్దు

జర్మనీ యుద్ధములో ఓడినప్పుడు డెన్మార్కు ఆ యుద్ధములో చేరినది కాదు. అయినను ష్లెస్విగ్ ప్రజలను అడుగుటకు సమయము వచ్చెను. 1920 ఫిబ్రవరి 10న ఉత్తర భాగమువారు ఓటు వేసిరి; నూటికి సుమారు 75 మంది డెన్మార్కును కోరిరి. మార్చి 14న మధ్య భాగమువారు ఓటు వేసిరి. నూటికి సుమారు 80 మంది జర్మనీని కోరిరి. ఈ రెండు భాగముల నడుమ గీసిన గీతయే నేటి సరిహద్దు.

అప్పుడును శోధన లేకపోలేదు. మధ్య భాగములోని ఫ్లెన్స్‌బర్గ్ పట్టణము పూర్వము మనదే గనుక ఓటు ఎట్లున్నను దానిని తీసికొనవలెనని డెన్మార్కులో కొందరు పట్టుపట్టిరి. ఆ ఒత్తిడిలో రాజు తన మంత్రివర్గమునే తీసివేసెను. ప్రజలు దానికి ఒప్పుకొనలేదు. రాజు వెనుకకు తగ్గవలసివచ్చెను. ఓటు నిలిచెను.

అయితే ఎంత న్యాయముగా గీసిన గీతయైనను అందరిని తమవారి ప్రక్కన నిలుపజాలదు. టోండర్ పట్టణములో ఎక్కువమంది జర్మనీని కోరినను, ఆ పట్టణము ఉత్తర భాగములోనిది గనుక డెన్మార్కునకు వచ్చెను. గీతకు ఉత్తరమున జర్మనులు, దక్షిణమున డేనులు మిగిలిపోయిరి.

8. చీకటి సంవత్సరములు

1940 ఏప్రిల్ 9న హిట్లరు సైన్యములు డెన్మార్కులో ప్రవేశించెను. అయిదేండ్లు ఆ దేశము పరుల క్రింద నుండెను. 1943లో అక్కడి యూదులను పట్టుకొనిపోవుటకు ఆజ్ఞ వచ్చెను. దానిని ముందుగా తెలిపినవాడు ఒక జర్మనుడే. జర్మను రాయబార కార్యాలయములో పనిచేయుచుండిన డుక్‌విట్స్ అను అధికారి, సెప్టెంబరు చివర డేనిష్ నాయకులకు రహస్యముగా ఆ సంగతి చెప్పెను. అక్టోబరు 3వ తేదీ ఆదివారమున డేనిష్ బిషప్పుల పత్రిక గుళ్లలో చదువబడెను; యూదులను హింసించుట క్రీస్తు బోధకు విరోధమని అందులో స్పష్టముగా నుండెను. బెస్తవారి పడవలలో సుమారు 7,000 మంది యూదులు స్వీడనునకు దాటిరి. పట్టుబడినవారు 500 లోపే. కై ముంక్ అను పాదిరిగారు దౌర్జన్యమును బహిరంగముగా ఖండించినందున, 1944 జనవరి 4న జర్మనులు ఆయనను చంపిరి.

ఇంకొక ప్రక్కను దాచరాదు. 1945లో యుద్ధము ముగియుచుండగా తూర్పు జర్మనీ సీమలనుండి పారిపోయిన జనులు సుమారు రెండున్నర లక్షలమంది డెన్మార్కులో దిగిరి. వారిలో ఎక్కువమంది స్త్రీలు, పిల్లలు, ముసలివారు. వారిని ముళ్లకంచెల వెనుక శిబిరములలో ఉంచిరి. చివరివారు 1949లో గాని వెళ్లలేదు. ఆ మొదటి సంవత్సరమున వేలకొలది పసిబిడ్డలు రోగములవలనను నీరసమువలనను చనిపోయిరి. పగ నిండిన ఆ దినములలో శత్రువు బిడ్డను బిడ్డగా చూచినవారు కొద్దిమంది. తరువాతి కాలమున డేనిష్ చరిత్రకారులే ఆ సమాధులను లెక్కించి వ్రాసిరి. పెద్ద శిబిరముండిన ఓక్స్‌బోల్ గ్రామములో 2022లో శరణార్థుల జ్ఞాపకార్థముగా ఒక మ్యూజియము తెరువబడెను.

9. రాయిని కదపని రెండు జనములు

ఇప్పుడు ఈ పాఠమునకు ముఖ్యమైన చోటికి వచ్చితిమి. 1945లో జర్మనీ నేలకూలియుండెను. ష్లెస్విగ్ దక్షిణ భాగము బ్రిటీషువారి చేతిలో నుండెను. ఆకలితోను నిరాశతోను ఉన్న అక్కడి ప్రజలు వేలకొలదిగా డేనిష్ సంఘములలో చేరుచు, సరిహద్దును దక్షిణమునకు జరుపుమని అడుగుచుండిరి. 1946లో బ్రిటీషు ప్రభుత్వము డెన్మార్కును, మీరు మార్పు కోరుదురా అని అడిగెను. ఎనుబది రెండేండ్ల క్రితము పోయిన నేల మరల చేతికి వచ్చునట్లుండెను. ఆ అక్టోబరులో డెన్మార్కు, సరిహద్దు మార్పును మేము కోరము అని జవాబిచ్చెను. ఆకలివేళ పుట్టిన స్నేహము అన్నము దొరికినప్పుడు నిలుచునో లేదో వారు ఎరుగుదురు. ఇప్పుడు రాయిని కదపినయెడల, జర్మనీ మరల బలపడిన దినమున వారు దానిని తిరిగి కదపుదురనియు ఎరుగుదురు.

ఉత్తరమున మిగిలిన జర్మనులును ఒక తీర్మానము చేసికొనిరి. నాజీల కాలములో వారిలో అనేకులు సరిహద్దును మార్చవలెనని కేకలు వేసియుండిరి. 1945 నవంబరులో వారు క్రొత్త సంఘముగా ఏర్పడి, డెన్మార్కు రాజ్యమునకును ఉన్న సరిహద్దునకును లోబడియుందుమని ఒప్పుకొనిరి.

1955 మార్చి 29న జర్మను ప్రధాని అడెనావరును, డేనిష్ ప్రధాని హాన్సెనును బాన్ నగరములో కలిసికొనిరి. ఒకరినొకరు కట్టివేయు సంధి చేసికొనలేదు. ఎవరి ప్రకటన వారు చేసిరి: నా దేశములో మిగిలిన నీ జనులకు నేను ఈ హక్కులు ఇచ్చుచున్నాను అని. ఆ ప్రకటనల సారము ఇది: నేను డేనుడనని గాని జర్మనుడనని గాని చెప్పుకొనుట ప్రతివాని ఇష్టము, అధికారి దానిని కాదనరాదు, పరీక్షింపరాదు. వారి భాషకు, వారి బడులకు, వారి ఆరాధనకు అడ్డు ఉండరాదు.

నేడు జర్మనీ ప్రక్కన సుమారు 50,000 మంది డేనిష్ వారును, డెన్మార్కు ప్రక్కన సుమారు 15,000 మంది జర్మను వారును ఉన్నారని చెప్పుదురు. వారి బిడ్డలు తమ భాషల బడులలో చదువుచున్నారు. టోండర్ మొదలైన నాలుగు డేనిష్ పట్టణములలో, డేనిష్ సంఘములోనే జర్మను పాదిరులు జర్మను భాషలో ఆరాధన జరుపుచున్నారు. 2021లో డేనిష్, ఫ్రీసియను అల్పసంఖ్యాకుల పక్షమువారు ఒకరు జర్మనీ పార్లమెంటునకు ఎన్నికైరి.

10. ఒక సింహపు కథ

ఈస్టెడ్ పోరులో గెలిచిన డేనులు 1862లో ఫ్లెన్స్‌బర్గ్ స్మశానములో ఒక పెద్ద సింహపు విగ్రహమును నిలిపిరి. జర్మనులకు అది కంటిలో నలుసువలె ఉండెను. 1864 తరువాత వారు దానిని ఊడబెరికి బెర్లినునకు తీసికొనిపోయిరి. 1945లో అది బెర్లినునుండి కోపెన్‌హాగెను చేరెను. చివరకు ఫ్లెన్స్‌బర్గ్ పట్టణ సభవారే, జర్మనులే, దానిని తిరిగి ఇమ్మని అడిగిరి. 2011 సెప్టెంబరులో ఆ సింహము తన పూర్వ స్థలమునకు వచ్చెను. దాని మీది మాట ఇప్పుడు జయమును గూర్చినది కాదు, స్నేహమును గూర్చినది. సింహము అదే, చూచువారు మారిరి.

11. మనము నేర్చుకొనవలసినది

మొదటిది, ఒకే గుడికి పోవుటచేతనే సమాధానము కలుగదు. ఒకే ప్రశ్నోత్తరి చదివినవారు డ్యుబ్బోల్‌లో ఒకరినొకరు చంపుకొనిరి. ఎఫెసీ పత్రికలో పౌలు చెప్పిన అడ్డుగోడ క్రీస్తువలన పడిపోయినది నిజమే; ఆ రాళ్లను ఏరి మరల గోడ కట్టకుండుట మన పని.

రెండవది, గెలిచిన దినమే మనకు శోధన దినము. ఓడినప్పుడు అందరును న్యాయమును కోరుదురు. కమిటీలో మన పేటవారు ఎక్కువైనప్పుడు, తీర్పు మన ప్రక్కకు వచ్చినప్పుడు, మన చేతిలోనికి తాళములు వచ్చినప్పుడు మనమేమి చేయుదుము? మనము పడినదానినే అవతలివారిచేత పడనిత్తుమా? మత్తయి 7:12లోని ప్రభువు మాట ఆ దినము కొరకే.

మూడవది, రాయి ఉన్నచోట ఉండవచ్చును. సమాధానమనగా గట్టును చెరిపివేయుట కాదు. డేనుడు డేనుడుగానే ఉండెను, జర్మనుడు జర్మనుడుగానే ఉండెను. గట్టుకు మన ప్రక్కన మిగిలిపోయిన పొరుగువారి కొద్దిమందిని మన బిడ్డలవలె చూచుకొనుట, అదియే సమాధానము.

నాలుగవది, మనవారు చేసిన కీడును మనమే చెప్పుట మంచిది. ఓక్స్‌బోల్‌లో డేనులు అట్లు చేసిరి. పొరుగువాడు వచ్చి చెప్పినయెడల అది నిందయగును; మనమే ఒప్పుకొన్నయెడల అది సమాధానమునకు దారి యగును.

కూటములలో మాటలాడుటకు ప్రశ్నలు

1. 1851లో డేనులు చేసినదియు, 1888లో ప్రష్యావారు చేసినదియు ఏ విషయములో ఒకటి? ఏ విషయములో వేరు?
2. 1946లో నేల చేతికందుచుండగా డెన్మార్కు ఎందుకు వద్దనెను? మనమైతే ఏమందుము?
3. మన సంఘములో తక్కువమందిగా నున్నవారు ఎవరు? వారి మాట సంఘ కూటములో వినబడుచున్నదా?
4. మన ఊరిలో ఏ గట్టు తగాదావలన ఏ రెండు కుటుంబములు ప్రభు బల్లయొద్ద ఒకరి ముఖము ఒకరు చూచుకొనుట లేదు? వారి యింటికి ఈ వారము ఎవరు పోవుదురు?

ప్రార్థన: సమాధానకర్తవగు ప్రభువా, మాకు పొరుగువారిని ఇచ్చినవాడవు నీవే. వారి రాయిని కదపని చేతులను, వారి బిడ్డను మా బిడ్డగా చూచు కన్నులను మాకు దయచేయుము. ఆమేన్.